కాదనడానికి నలభై ఎనిమిది బొమ్మలు

"నా సంచీ ఎక్కడ దాచారు?" అని దోనా అడగడం ఇది మూడోసారి.

వంటింటి బల్లకి ఈ చివర కోడలు బిస్త్రా, ఆ చివర కొడుకు ల్యుబెన్. మధ్యలో ఎర్రటి లావు మిరపకాయలు గుట్టగా పోసి ఉన్నాయి. శనివారం ముగ్గురూ కూచుని కాల్చి, తొక్క తీసి, చలికాలానికి సీసాల్లోకి ఎత్తాలని వారం రోజులుగా అనుకుంటున్న పని. సెప్టెంబరు నెల. సోఫియాలో ఏ బాల్కనీ చూసినా మిరపకాయలు కాలుతున్న వాసనే. ఒక్క వీళ్ల బాల్కనీలోనే పొయ్యి వెలగలేదు.

"ఎవరూ దాచలేదమ్మా," అన్నాడు ల్యుబెన్. "బీరువా మీదే ఉంది. ఇప్పుడెందుకు సంచీ?"

"త్రొయాన్‌లో మా చెల్లెలుంది. పదకొండింటికి బస్సుంది. వెళ్తాను."

"ఇన్ని కాయలు ముందు పెట్టుకుని..."

"మీ ఆవిడకి బొమ్మలు గీయడం వచ్చుగా. మిరపకాయల బొమ్మలు గీసి సీసాలకి అంటించమను. చలికాలమంతా అవే చూసుకుంటూ రొట్టె తినండి."

బిస్త్రా తలెత్తలేదు. చేతిలో ఉన్న కాయ తొడిమ తుంచకుండా దాన్నే తిప్పుతూ కూచుంది. నిన్న సాయంత్రం నుంచి ఆమె మొగుడితో ఒక్క మాట మాట్లాడలేదు. అత్తగారి కోపం కోడలి మీద. కోడలి కోపం మొగుడి మీద. మొగుడికి ఎవరి మీదా కోపం లేదు. అందుకే కాబోలు ముగ్గురిలోనూ అతని మొహమే ఎక్కువ పాలిపోయి ఉంది.

నిన్న శుక్రవారం స్టూడియోలో బిస్త్రా సినిమా మొదటిసారి వేశారు. ఎనిమిది నిమిషాల బొమ్మల సినిమా. మాటలుండవు. ఒక ముసలావిడ, ఆవిడ వాకిట్లో ఒక బేరి చెట్టు. రోడ్డు వేయడానికి ఆ చెట్టు కొట్టాలంటూ సంచీ పట్టుకున్న ఆఫీసరు మూడుసార్లు వస్తాడు. మూడోసారి ముసలావిడ కాదంటుంది. అంతే సినిమా.

దానికోసం బిస్త్రా పదకొండేళ్లు ఆగింది. ఆ పదకొండేళ్లూ ఆమె మధ్య బొమ్మలు గీసింది. పెద్ద చిత్రకారుడు చెయ్యి కింద ఉన్న బొమ్మొకటి, పైకి లేచిన బొమ్మొకటి గీసి పడేసి వెళ్తాడు. ఆ రెంటి మధ్యా చెయ్యి లేచే పాతిక బొమ్మలు వేరేవాళ్లు గీయాలి. వాళ్ల పేర్లు తెర మీద పడవు. డైరెక్టరని ఆమె పేరు పడ్డ మొదటి సినిమా ఇది.

ముసలావిడ బొమ్మకి నమూనా దోనాయే. ఆ ముక్కు, ఆ తలగుడ్డ, నడుం మీద చెయ్యేసుకుని నడిచే ఆ నడక, అన్నీ ఆవిడవే. స్టూడియో అంతటికీ తెలుసు. అందుకే నిన్న ఆవిడకి ముందు వరసలో కుర్చీ వేశారు. ఆవిడ పెళ్లిళ్లకి వేసుకునే కోటు వేసుకుని వచ్చింది. అటూ ఇటూ ఉన్నవాళ్లకి, "అది నేనే," అని చెప్పుకుంది కూడా.

చివర్లో తెర మీది ముసలావిడ ఆఫీసరు వైపు చూసి తల అటూ ఇటూ ఊపింది. హాలంతా ఒక్కసారి నవ్వింది. ముసలావిడ ఒప్పేసుకుందని చప్పట్లు కొట్టారు. ముందు వరసలో ఒక్క మనిషి మాత్రం చప్పట్లు కొట్టలేదు.

తల అటూ ఇటూ ఊపితే సరేనని అర్థం. కాదనాలంటే గడ్డం ఒక్కసారి పైకెత్తుతారు. ఈ దేశంలో మాటలు రాని పసివాళ్లకి కూడా తెలిసిన సంగతి ఇది. సరిహద్దు దాటి పడమటికి వెళితే వ్యవహారమంతా తలకిందులు. అక్కడ అడ్డంగా ఊపితే కాదని, పైకీ కిందికీ ఊపితే అవునని.

బిస్త్రా గీసింది గడ్డం ఎత్తిన బొమ్మ. తెర మీద కనిపించింది వేరే బొమ్మ. అర క్షణంలో ఆమెకి అది ఎవరి చెయ్యో తెలిసిపోయింది. పదకొండేళ్లు పక్కపక్క బల్లల మీద పని చేసినవాళ్లకి గీత చూస్తే మనిషి తెలుస్తాడు.

ఆ మాట ఆమె అత్తగారికి చెప్పలేదు. చెప్పాల్సినవాడు చెప్పాలని ఎదురుచూస్తోంది.

దోనా బీరువా దగ్గరికి వెళ్లలేదు. కోడలి ఎదురుగా వచ్చి నిలబడింది.

"నాలుగేళ్ల కిందట మా వాకిట్లోకి రోడ్డు వేసేవాళ్లొచ్చారు. నువ్వు గుమ్మంలో నిలబడి చూశావు. అవునా?"

"అవును అత్తయ్యా."

"నేనేమన్నాను?"

"కాదన్నారు."

"చెట్టు ఉందా?"

"లేదు."

"లేదు. కొట్టేశారు. రోడ్డు కూడా వేశారు, దాని మీద వాళ్ల బస్సులు తిరుగుతున్నాయి. చెట్టు పోయిందని నేను ఏడవలేదు. ఎందుకంటే నేను కాదన్నాను. ఊరంతా చూసింది. నాకు మిగిలింది అదొక్కటే. నువ్వు నలుగురినీ కూచోబెట్టి, దీపాలార్పి, నా మొహం తెర మీద పెట్టి, నాచేత సరే అనిపించావు."

ఆవిడ గొంతు పెరగలేదు. పెరిగి ఉంటే బాగుండేదని బిస్త్రాకి అనిపించింది. ఆమె మొగుడి వైపు చూసింది.

ఆ చూపుకే ల్యుబెన్ లేచి నిలబడ్డాడు.

"బిస్త్రా కాదమ్మా. నేను మార్చాను."

దోనా కొడుకు వైపు తిరిగింది. "నువ్వా?"

"పాషోవ్ పిలిచి చెప్పాడు." పాషోవ్ స్టూడియో పెద్ద. "సినిమాని పై దేశంలో జరిగే పోటీకి పంపుతారట. అక్కడి హాల్లో పదిహేను దేశాల వాళ్లుంటారు. ముసలావిడ గడ్డం ఎత్తితే వాళ్లు ఒప్పుకుందనుకుంటారు. కథంతా తిరగబడిపోతుంది. బిస్త్రాకి చెబితే ఒప్పుకోదని..."

"ఒప్పుకోనని తెలిసి చేశావు," అంది బిస్త్రా. నిన్నటి నుంచి అతనితో అన్న మొదటి మాట అది.

"నేను నీ అర్థం మార్చలేదు. నీ అర్థం వాళ్లకి చేరేట్టు చేశాను. కాస్త ఆలోచించు."

"ఇక్కడివాళ్లకో?"

"ఇక్కడ ఎవరు చూస్తారు? పెద్ద సినిమాకి ముందు ఎనిమిది నిమిషాలు వేస్తారు. జనం సీట్లు వెతుక్కుంటూ ఉంటారు."

"ఆ సీట్లు వెతుక్కునేవాళ్లలో మీ అమ్మ ఉంది."

ల్యుబెన్ కూచున్నాడు. "పదకొండేళ్లు, బిస్త్రా. నీ కళ్లు ఎలా అయిపోయాయో నాకు తెలుసు. ఈ పోటీకి వెళితే నిన్ను మళ్లీ ఎవరూ ఆ బల్ల దగ్గర కూచోబెట్టలేరు. నాలుగు సెకన్ల కోసం అదంతా పోగొట్టుకుంటావా అనుకున్నాను. అంతే."

అతను అబద్ధం చెప్పడం లేదని ఆమెకి తెలుసు. అదే ఎక్కువ కష్టంగా ఉంది. దుర్మార్గుడైతే తిట్టిపోసి ఊరుకునేది.

"నా బొమ్మలేవి?" అని అడిగింది.

"రేకులు కడిగేశారు." ప్లాస్టిక్ రేకుల మీద రంగులేసిన బొమ్మల్ని పని అయిపోయాక కడిగి మళ్లీ వాడతారు. స్టూడియోలో అది మామూలే.

"పెన్సిల్ కాగితాలు?"

"పాత కాగితాల కట్టల్లో వేశాను. గురువారం బండి వచ్చి తీసుకెళ్లిపోయింది."

"తీసిన ఫిల్ము?"

"అదీ లేదు."

దోనా బల్ల దగ్గర కుర్చీ లాక్కుని కూచుంది. కొడుకుని పైనుంచి కిందికి చూసింది. "ఒరే, నీకు చిన్నప్పుడు మాటలు ఆలస్యంగా వచ్చాయి. మూడేళ్లు తలతోనే మాట్లాడావు. అప్పుడు కూడా నువ్వు ఇంత తప్పు మాట్లాడలేదురా."

ల్యుబెన్ చెవులు ఎర్రబడ్డాయి.

బిస్త్రా లేచింది. మిరపకాయల్ని రెండు చేతులతో పోగు చేసి గంపలోకి తోసింది. "బల్ల ఖాళీ చెయ్యి," అంది మొగుడితో. "దీపం బల్ల పట్టుకురా. స్టూడియోకెళ్లి కడిగిన రేకులు యాభై తీసుకురా. రంగులు కూడా."

"బుధవారం సినిమా డబ్బా పోటీకి బయల్దేరుతుంది."

"ఇవాళ శనివారం. నాలుగు సెకన్లంటే నలభై ఎనిమిది బొమ్మలు. రెండు రోజులు చాలు."

"పాషోవ్ ఏమన్నాడో నీకు చెప్పలేదు నేను." ల్యుబెన్ గొంతు తగ్గింది. "ముగింపు మారకపోతే సినిమా వెళ్లదు. ఇంకో సినిమా కూడా ఇవ్వరు. మళ్లీ మధ్య బొమ్మలే."

"అయితే మధ్య బొమ్మలే గీస్తాను. నువ్వు రేకులు తీసుకురా."

అతను వెళ్లాడు. దోనా సంచీ మాట మళ్లీ ఎత్తలేదు. పదకొండింటి బస్సు దాని దారిన అది పోయింది.

మధ్యాహ్నానికి వంటింట్లో సగం స్టూడియో, సగం మిరపకాయలు. దోనా బాల్కనీ గుమ్మంలో పొయ్యి పెట్టుకుని కాయలు కాలుస్తూ, తొక్క తీస్తూ కూచుంది. బిస్త్రా గాజు కింద దీపం వెలిగే బల్ల ముందు కాగితం పెట్టుకుని, "అత్తయ్యా, ఒకసారి కాదనండి," అంది.

దోనా నిటారుగా కూచుని, తలగుడ్డ సర్దుకుని, గడ్డం ఎత్తింది. ఫోటో తీయించుకుంటున్నట్టుంది.

"అలా కాదు. మామూలుగా."

"మామూలుగానే అన్నాను."

"మామూలుగా అయితే తలగుడ్డ సర్దుకోరు."

"తెర మీద పడే మొహం, సర్దుకోవద్దా?"

ఇలా లాభం లేదని బిస్త్రాకి అర్థమైంది. అత్తగారు పనిలో పడేదాకా ఆగి మామూలుగా అడిగింది. "ఈ మచ్చలున్న కాయలు పారేద్దామా?"

దోనా గడ్డం టక్కున పైకి లేచింది. నాలుక చప్పుడు కూడా వచ్చింది. బిస్త్రా పెన్సిల్ పరుగెత్తింది.

"ఈసారి వెల్లుల్లి వేయకుండా పెడదామా?"

గడ్డం ఇంకా ఎత్తుకి లేచింది.

"త్రొయాన్‌కి రేపు వెళ్తారా?"

"మా చెల్లెలికి గురక," అంటూ గడ్డం ఎత్తింది.

"ల్యుబెన్‌ని క్షమించారా?"

ఈసారి గడ్డం లేవడానికి కాస్త టైము పట్టింది గానీ లేచింది. అప్పుడే రేకుల కట్టతో లోపలికొచ్చిన ల్యుబెన్ అది చూసి కట్ట దించి కూచున్నాడు.

బిస్త్రా కాగితాలు చూసుకుంది. అన్నీ బాగున్నాయి. అన్నీ ఇంటి మాటలు. వాకిట్లో ఆ రోజు చూసింది వీటిలో లేదు. ఆమె పెన్సిల్ కింద పెట్టి, అడగాలా వద్దా అని ఆలోచించి, అడిగింది.

"అత్తయ్యా. చెట్టు కొట్టనిస్తారా?"

దోనా చేతిలో సగం ఒలిచిన కాయ ఉంది. ఆ చెయ్యి ఆగింది. కళ్లు మూసుకుంది. చాలాసేపు ఏమీ జరగలేదు. తర్వాత గడ్డం కదిలిందా లేదా అన్నట్టు, గోరంత కదిలింది. నాలుక చప్పుడు లేదు. కళ్లు తెరిచి మళ్లీ తొక్క తీయడం మొదలుపెట్టింది.

బిస్త్రాకి ఆ వాకిలి గుర్తొచ్చింది. ఆ రోజు కూడా ఇంతే జరిగింది. ఇంత చిన్నగానే జరిగింది. తను మొదట గీసిన ముగింపు, ఆ కడిగేసిన ముగింపు, అందులో ముసలావిడ గడ్డం జెండాలా ఎత్తింది. చూడ్డానికి బాగుందని గీసింది. అది కూడా అబద్ధమే. మొగుడు ఒక అబద్ధం గీశాడు, దానికి ముందు తను ఇంకొకటి గీసింది. ఈ సంగతి ఒప్పుకోవడానికి ఆమెకి కష్టమైంది, కానీ ఒప్పుకుంది.

"నాది కూడా తప్పే," అంది ల్యుబెన్‌తో. "అంత ఎత్తు ఎత్తలేదు ఆవిడ."

"గోరంత కదలికకి నలభై ఎనిమిది బొమ్మలా? ఒక గీతకీ ఇంకో గీతకీ మధ్య వెంట్రుక కూడా పట్టదు."

"అందుకే నువ్వు గీయాలి. మొదటిదీ చివరిదీ నేను గీస్తాను. మధ్యవి నువ్వు."

అతను ఆమె వైపు చూశాడు. ఆమె నవ్వలేదు. అతను కుర్చీ దగ్గరికి లాక్కుని పెన్సిల్ చెక్కాడు.

ఆదివారం సాయంత్రం దాకా గీశారు, రేకుల మీదికి ఎక్కించారు, రంగులేశారు. అవసరమైన మాటలు తప్ప మాట్లాడుకోలేదు. అతను గీసిన ప్రతి కాగితాన్నీ ఆమె దీపం మీద పెట్టి చూసింది.

"నమ్మకం లేదా?" అన్నాడు ఒకసారి.

"లేదు. గీయి."

గీశాడు. మొత్తానికి చెయ్యి తిరిగినవాడు. నలభయ్యో కాగితం దగ్గర ఆమె పైకి పట్టుకుని చూసి, ఏమీ అనకుండా, అతని ముందు వేడి టీ గ్లాసు పెట్టింది. అతను దాన్ని తాగడానికి ధైర్యం చేయలేదు కాసేపు. దోనా సీసాలకి మూతలు బిగిస్తూ ఇద్దరినీ చూసి, "ఆ టీ చల్లారితే నేను తాగుతాను," అంది. అప్పుడు తాగాడు.

సోమవారం పొద్దున ఎనిమిదిన్నరకి బిస్త్రా ఒక్కతే పాషోవ్ గదిలోకి వెళ్లింది. తోడు వస్తానన్న ల్యుబెన్‌ని వద్దంది. ఇది తన పేరు పడ్డ సినిమా.

"రా బిస్త్రా, కూచో," అన్నాడు పాషోవ్. మంచివాడే. కాఫీ తెప్పించాడు. "అందరికీ నచ్చింది. హాలు నవ్వింది చూశావా?"

"చూశాను. నవ్వకూడదు." పెన్సిల్ కాగితాల కట్ట ఆయన బల్ల మీద పెట్టి, అంచు పట్టుకుని ఒక్కో కాగితం గబగబా వదిలింది. ముసలావిడ కళ్లు మూసుకుంది.

"ఏం జరిగింది ఇందులో?"

"కాదంది."

"నాకేమీ కనపడలేదు."

"మళ్లీ చూడండి."

ఈసారి నెమ్మదిగా వదిలింది. పాషోవ్ కళ్లజోడు తీశాడు. కాగితాల మీదికి వంగాడు. ఏదో అనబోయి, ఆగి, మళ్లీ వెనక్కి వాలాడు. ఆ ఆగడం బిస్త్రా చూసింది.

"బాగుంది," అన్నాడు. "చాలా బాగుంది. కానీ అక్కడివాళ్లకి ఇది అర్థం కాదు."

"కాకపోవచ్చు."

"తెలిసి కూడా పంపమంటున్నావా?"

"అక్కడివాళ్లకి అర్థం కాకపోతే పక్కవాణ్ణి అడుగుతారు. ఇక్కడ మా అత్తగారికి ఆ తల ఊపడం బాగా అర్థమైంది. ఇల్లు వదిలి పోతానని సంచీ అడిగింది."

పాషోవ్ నవ్వలేదు. కాఫీ కప్పు పక్కకి జరిపాడు. "కామ్రేడ్ కరాంఫిలోవా, మీకు స్పష్టంగా చెప్పడం నా బాధ్యత." ఆయన ఇంటిపేరుతో పిలిచి మీరు అనడం మొదలుపెట్టాడంటే ఫైలు తెరిచినట్టే. "ఆ హాల్లో ఈ సినిమా ఎవరికీ పట్టకపోతే, మీకు ఇంకో సినిమా ఇమ్మని నేను ఎవరికీ చెప్పుకోలేను. మళ్లీ మీరు ఆ బల్ల దగ్గరే కూచుంటారు. ఎన్నేళ్లో చెప్పలేను."

భయం వేసింది. లేదని ఎందుకనాలి? ఆ బల్ల, ఆ కిటికీ లేని గది, పొద్దుటి నుంచి ఎవరిదో చెయ్యి పాతికసార్లు ఎత్తడం, అదంతా ఆమె కళ్ల ముందు తిరిగింది. అరచేతులు స్కర్టుకి తుడుచుకుంది.

"కూచుంటాను," అంది. "కానీ ఈ సినిమా నా పేరుతో వెళ్తే ఈ బొమ్మలతోనే వెళ్తుంది. లేదంటే నా పేరు తీసేయండి. కెమెరా గది ఇవాళ నాకు ఇస్తారా?"

పాషోవ్ కళ్లజోడు పెట్టుకున్నాడు. ఆ కాగితాల కట్ట వైపు ఇంకోసారి చూశాడు. తర్వాత నెమ్మదిగా, తల అటూ ఇటూ ఊపాడు.

అది అవునో కాదో బిస్త్రాకి తెలియలేదు.

పాషోవ్ ఆరేళ్లు వియన్నాలో వాణిజ్య కార్యాలయంలో పని చేసి వచ్చాడు. అప్పటి నుంచి ఆయన తలకి రెండు భాషలు. ఏ పూట ఏది మాట్లాడుతుందో ఆయనకే తెలియదు. అందుకే స్టూడియోలో ఎవరైనా, "మనదా, వాళ్లదా?" అని అడిగి, నోటితో చెప్పించుకుని మరీ బయటికి వెళ్తారు. అడిగితే ఆయన ఏమీ అనుకోడు.

అడగడానికి బిస్త్రా నోరు తెరిచింది. అడగకుండా మూసుకుంది.

లేచి కాగితాలు తీసుకుంది. రేకుల కట్ట రెండు చేతులా ఎత్తుకుంది. "సరేనన్నారు. చాలా కృతజ్ఞతలు, కామ్రేడ్ పాషోవ్."

"బిస్త్రా," అన్నాడాయన. కుర్చీ జరిగిన చప్పుడైంది. "నేను అన్నది..."

"మన దేశంలోనే ఉన్నాం కదండీ," అని తలుపు భుజంతో తోసుకుని వెళ్లిపోయింది.

వసారా చివర కెమెరా గది. కెమెరా నడిపే వక్లిన్ అప్పుడే కోటు తగిలిస్తున్నాడు. "దీపాలు వెయ్యి," అంది. "నలభై ఎనిమిది ఉన్నాయి."

"పెద్దాయన ఒప్పుకున్నాడా?"

"తల ఊపాడు."

"మనదా, వాళ్లదా?"

ఆమె రేకుల కట్ట కెమెరా పక్కన దించింది. వక్లిన్ ఆమె మొహం చూసి, ఇంకేమీ అడగకుండా దీపాలు వేశాడు. వసారాలో పాషోవ్ బూట్ల చప్పుడు ఇటే వస్తోంది. బిస్త్రా మొదటి రేకు తీసి కెమెరా కింద పెట్టింది.